చచ్చినవాళ్ళ సలహాలు

"చచ్చిపోయినవాళ్ళు కదలకూడదు! పట్టీలు జారిపోతాయి!" అని అరిచింది డాక్టర్ హైమావతి.

చచ్చిపోయిన ముగ్గురూ ఆ మాట పెడచెవిన పెట్టారు. నూకరత్నం కుర్చీలో మోకాళ్ళ మీద లేచింది. జోసెఫ్ కిరణ్ నుదుటి పట్టీ అప్పటికే కళ్ళ మీదికి జారింది, అయినా దాని కింద నుంచే తెర చూస్తూ చేతులు ఊపుతున్నాడు. మస్తాన్ చేతిలో సగం కొరికిన మిరపకాయ బజ్జీ ఉంది. దాంతోనే దారి చూపిస్తున్నాడు.

"ఎడమకి రారా! ఎడమకి!"

"ఎనకాల చూడరా లోవరాజూ! ఎనకాల!"

"కూర్చో! కూర్చుని కాల్చు! అబ్బా, కూర్చోమంటే పడుకుంటాడేంట్రా వీడు!"

లోవరాజు ముగ్గురి మాటా విన్నాడు. ముగ్గురి మాటా ఒకేసారి విన్నవాడికి ఏం జరగాలో అదే జరిగింది. ఎడమకి తిరగబోయి, వెనక్కి చూసి, కూర్చోబోయి బోర్లా పడ్డాడు. ఎదుటి జట్టు మరమనిషి ఒకటి పెళ్ళికి వెళుతున్నంత తీరిగ్గా నడిచి వచ్చి అతన్ని కాల్చేసింది. తెర నల్లబడింది. ముగ్గురు మిత్రులూ నెత్తి బాదుకున్నారు.

ఇది కాకినాడలో, సముద్రం ఒడ్డున ఉన్న పరిశోధనశాలలో. అప్పటికి ఆ ఊళ్ళో ఆటోలన్నీ కరెంటువే. సందుకో ఆటల హాలు వెలిసింది. శనివారం సాయంత్రమైతే పిల్లా పెద్దా అందరూ 'తూటా' ఆడేవాళ్ళు. తలకి హెడ్‌సెట్ తగిలించుకుంటే చాలు, ఉత్తుత్తి కోటలో ఉత్తుత్తి తుపాకీతో నిలబడి ఉంటారు. దెబ్బ తగలదు, నెత్తురు కారదు. చిక్కల్లా మోడ్‌లతోనే వచ్చింది. మోడ్ అంటే ఆట అదే, కట్టుబాట్లు వేరు. పేకముక్కలు అవే అయినా రమ్మీ వేరు, మూడుముక్కలాట వేరు కదా, అలాగన్నమాట. జెండా ఎత్తుకుపోయే మోడ్, కోట కాపాడుకునే మోడ్, ఎవరికి వారే శత్రువులయ్యే మోడ్, మరమనుషుల గుంపుని ఎదిరించే మోడ్... ఇలా లెక్కలేనన్ని. ఒకడికి నచ్చింది ఇంకొకడికి గిట్టదు. ఏ మోడ్ ఆడాలన్న పేచీలో విడిపోయిన స్నేహాలు ఊళ్ళో కోకొల్లలు.

ఆట తయారుచేసిన కంపెనీకి భయం పట్టుకుంది. స్నేహాలు విడిపోతే ఆడేదెవరు? అందుకని డాక్టర్ హైమావతిని పిలిచి, ఏ బృందానికి ఏ మోడ్ కుదురుతుందో తేల్చే యంత్రం కావాలన్నారు. ఆమె చేసిన యంత్రం పేరు 'పొత్తు'. నుదుటికి కట్టే పట్టీలో సెన్సర్లు ఉంటాయి. లోపల రక్తం ఎటు ఉరుకుతోందో, నుదుటికి చెమట ఎంత పడుతోందో, గొంతు ఎప్పుడు వణుకుతోందో అవి పట్టుకుంటాయి. అన్నీ కలిపి యంత్రం ఒక్కొక్కరి సంతోషానికీ ఒక గీత గీస్తుంది. నాలుగు గీతలూ ఒకేసారి పైకి లేచే మోడ్ ఏదో, అదే ఆ నలుగురికీ తగిన మోడ్. లేవకపోతే? ఆ బృందానికి పొత్తు కుదరదని కూడా యంత్రం మొహమాటం లేకుండా చెబుతుంది.

పరీక్షకి వచ్చిన బృందాల్లో తమదీ ఒకటి కాబట్టి, లోవరాజు గుండెల్లో రాయి పడింది ఆ మాటకే.

అతను ఆటోల చార్జింగ్ యార్డులో పనిచేస్తాడు. రత్నం మందుల షాపు నడుపుతుంది, కిరణ్ పడవల ఇంజన్లు బాగుచేస్తాడు, మస్తాన్ పొలాల మీద డ్రోన్లు ఎగరేస్తాడు. నలుగురూ ఒకే బడిలో ఒకే బెంచీ మీద చదివారు. ముగ్గురూ ఆటలో ఘనులు. లోవరాజుకి మాత్రం కుడిచేతికీ ఎడమచేతికీ మాటల్లేవు. ఆమధ్య ఒకసారి హాలు మెట్లెక్కుతుంటే లోపల మస్తాన్ అంటున్న మాట చెవిన పడింది. "కిరణ్‌గాడి బావ ఊళ్ళోకొచ్చాడంట. గురి తప్పడంట. నాలుగోవాడుగా ఓసారి ఆడించి చూద్దామా?" లోవరాజు మెట్లు దిగిపోయాడు. ఆ ముగ్గురు తప్ప అతనికి వేరే స్నేహితులు లేరు. యార్డు, ఇల్లు, శనివారం. శనివారం పోతే మిగిలేది యార్డూ ఇల్లూ.

అందుకే యంత్రం తీర్పు చెప్పేలోగా ఆట నేర్చుకోవాలనుకున్నాడు. మధ్యాహ్నం అందరూ క్యారేజీలు విప్పుతుంటే, తను యార్డు మూల పాత హెడ్‌సెట్ తగిలించుకుని గురి చూసేవాడు. భీమవరంలో ఒక పెద్దాయన ఆన్‌లైన్‌లో 'తూటా' పాఠాలు చెబుతాడు. ఆయన దగ్గర శిష్యరికం చేశాడు. సాధనమున పనులు సమకూరు ధరలోన అని ఊరికే అన్నారా? మెల్లగా చేతులు మాట వినడం మొదలుపెట్టాయి.

ఆ శనివారం డాక్టర్ కోట కాపాడుకునే మోడ్ పెట్టింది. మరమనుషులు గోడెక్కి వస్తున్నాయి. లోవరాజు ఊపిరి బిగపట్టాడు. ఒకటి, ఇంకొకటి, బురుజు చాటున దాక్కున్నది మరొకటి. రత్నం తుపాకీ ఎత్తేలోపే ఎదురుగా ఉన్నది కూలిపోయింది. కిరణ్ తిరిగి చూసేసరికి వెనక నుంచి వచ్చేది లేదు. ముగ్గురిలో ఒక్కరూ చావకముందే ఆట అయిపోయింది.

లోవరాజు హెడ్‌సెట్ తీసి, నవ్వుతూ వాళ్ళ వంక తిరిగాడు.

"బాగా ఆడావురా," అన్నాడు మస్తాన్.

"అవున్రా, చాలా బాగా ఆడావు," అంది రత్నం.

ఆపైన ఎవరూ పొట్లం విప్పలేదు. బజ్జీలు చల్లారిపోయాయి. అంతలో గాజు గోడ అవతల నుంచి చూస్తున్న హార్బర్ జట్టు కెప్టెన్ లోపలికొచ్చి లోవరాజు భుజం తట్టాడు. "మా జట్టులోకి వచ్చేయ్ తమ్ముడూ. నీలాంటోడి కోసమే చూస్తన్నాం."

రానని ఒక్క ముక్క చెబితే సరిపోయేది. కానీ మనిషి ముఖం మీద కాదనడం లోవరాజు వంశంలో లేదు. "చూద్దాం అన్నా," అన్నాడు మొహమాటంగా. మన దగ్గర 'చూద్దాం' అంటే రానని అర్థమని తెలియనిదెవరికి? కానీ గుండె బెదిరినవాళ్ళకి అది వస్తానన్నట్టే వినిపిస్తుంది. ముగ్గురు మిత్రుల ముఖాలూ ముడుచుకుపోయాయి. అందులో లోవరాజుకి ఇంకోటి కనిపించింది, తను గెలిచినా వాళ్ళకి నచ్చలేదని.

డాక్టర్ హైమావతి పట్టీ సరిచేసే నెపంతో అతన్ని పక్కగదికి పిలిచి గీతలు చూపించింది.

"ఇవాళ మీ బృందం సంతోషం నేల మీద పాకుతోంది, చూడు. పరీక్షలు మొదలయ్యాక ఇంత తక్కువ ఎప్పుడూ లేదు. ఇప్పుడు పాతవి చూడు. ఈ కొండ దగ్గర ముగ్గురి గీతలూ ఒకేసారి లేచాయి. అప్పుడు ఆటలో ఏం జరుగుతోందో తెలుసా?"

"గెలిచుంటామండి."

"కాదు. ముగ్గురూ చచ్చిపోయి ఉన్నారు. నువ్వొక్కడివే మిగిలావు. మొదట్లో నా సెన్సర్లు పాడయ్యాయనుకున్నాను. ఇలాంటి పరీక్షలు నేను మొదట చేసింది జర్మనీలో, హాంబర్గ్‌లో. అక్కడ చచ్చిన ఆటగాడు మంచినీళ్ళు తాగి, బుద్ధిగా తన వంతు కోసం ఎదురుచూస్తాడు. మీవాళ్ళేమిటయ్యా, చచ్చాకే బతుకుతున్నారు!"

"అది మా దగ్గర మామూలేనండి. క్యారమ్స్ ఆడేది నలుగురైతే, చెప్పేది పదిమందండి. చూస్తా చూస్తా చెప్పకుండా కూర్చుంటే కడుపుబ్బిపోద్దండి."

"అదే మరి! నీకు ఆట రాదు కాబట్టి వాళ్ళు చెప్పగలిగారు. ఇవాళ చెప్పడానికేం మిగల్లేదు."

లోవరాజుకి చెంప మీద కొట్టినట్టయింది. "అంటే నా చేతకానితనమే వాళ్ళ సంతోషమాండి?"

"ఆగు, తొందరపడకు. ఈ నాలుగో గీత ఎవరిదనుకున్నావు? నీదే. అదే క్షణంలో అందరికంటే పైకి లేచింది ఇదే."

అతను వంగి ఆ గీతని కింద నుంచి పైదాకా వేలితో తడిమాడు. కోపం మెల్లగా దిగిపోయింది.

"అప్పుడు ముగ్గురూ ఒకేసారి నా పేరు పిలుస్తారండి," అన్నాడు. "అంతలా నన్నెవరు పిలుస్తారండి?"

డాక్టర్ కళ్ళజోడు తీసి తుడుచుకుంది. "మీకు కుదిరే మోడ్ యంత్రం చెప్పేసింది. ముగ్గురు చచ్చి సలహాలు చెప్పాలి, ఒకడు బతికుండి వినాలి. ఆ ఒకడు ఆట రానివాడై ఉండాలి."

"నాకు వచ్చేసింది కదండీ!"

"మర్చిపోలేవా?"

"ఈత మర్చిపోతారాండి ఎవరైనా?" అన్నాడు లోవరాజు దిగులుగా. తరువాత తనే గొంతు తగ్గించి, "రానట్టు ఆడతానండి," అన్నాడు.

"మనసొకటి అంటుంటే చెయ్యో నోరో ఇంకోటి చేస్తే నా బల్ల మీద ఆ మనిషి తాలూకు ఎర్రదీపం వెలుగుతుంది. అది అబద్ధం దీపం. వెలిగిందంటే ఆ పరీక్ష చెల్లదు. నేను రాసే నివేదికలో మీ బృందానికి పొత్తు కుదరలేదనే రాయాల్సి వస్తుంది."

"రాయకండి మేడమండి," అన్నాడు లోవరాజు. అతని గొంతులో ఎన్నడూ లేని బతిమాలాట వినిపించింది.

తరువాతి శనివారం ఆట మొదలైంది. ముగ్గురూ ఎందుకో మామూలుకంటే త్వరగా చచ్చిపోయారు. లోవరాజు ఒక్కడే కోటలో మిగిలాడు. కేకలు మొదలయ్యాయి. ఎదురుగా మరమనిషి నిలబడి ఉంది, కళ్ళు మూసుకుని కాల్చినా కూలుతుంది. లోవరాజు పక్కనున్న కుండని కాల్చాడు. అవతల బల్ల మీద ఒక ఎర్రదీపం వెలిగింది. హెడ్‌సెట్ అంచు కింద నుంచి దాన్ని చూసి అతని ప్రాణం ఉసూరుమంది.

"ఎడమకి పోరా, ఎడమకి!" అని అరిచాడు మస్తాన్. ఎడమవైపు మరమనుషులు బారులు తీరి ఉన్నాయి. ఖాళీగా ఉన్నది కుడివైపు.

బల్ల మీద ఇంకో దీపం వెలిగింది.

"తుపాకీ కింద పడేయరా, బరువు తగ్గుద్ది!" అంది రత్నం. ఇంకోటి.

"లేచి నిలబడి చెయ్యూపరా, భయపడి పారిపోతాయి!" అన్నాడు కిరణ్. నాలుగూ వెలిగాయి.

ఇంతటి ఘనులు ఇంత తలతిక్క సలహాలు ఎందుకు చెబుతున్నారు? లోవరాజు చెప్పినట్టే చేశాడు. ఎడమకి పోయి, తుపాకీ పడేసి, లేచి చెయ్యూపి, మరమనుషుల చేతిలో చక్కగా చచ్చాడు. ముగ్గురూ నెత్తి బాదుకున్నారు. ఆ బాదుకోవడంలో పండగ ఉంది.

పట్టీ తీస్తున్నట్టు వంగి డాక్టర్ అతని చెవిలో చెప్పింది. "నీకు చెప్పొద్దని నాతో ఒట్టు వేయించుకోబోయారు, నేను వేయలేదు కాబట్టి చెబుతున్నాను. నిన్న ముగ్గురూ నా దగ్గరికి వచ్చారు. లోవరాజు బాగా ఆడితే హార్బర్‌వాళ్ళు ఎత్తుకుపోతారండి, వాడు ఓడిపోయే మోడ్ ఏదైనా ఉంటే పెట్టండి అని ప్రాధేయపడ్డారు. అలాంటిది లేదన్నాను. అయితే మేమే ఓడిస్తాంలెండి అని వెళ్ళారు."

"మరి కిరణ్ బావ...?"

"ఒక ఆదివారం అతనితో ఆడారట. చెబితే వినడు, చెప్పాల్సిన అవసరమూ లేదు. ముగ్గురం చచ్చి కూర్చుని గోళ్ళు గిల్లుకున్నామని రత్నం చెప్పింది. ఆ తరువాత అతన్ని పిలవలేదట."

లోవరాజుకి కళ్ళు చెమ్మగిల్లాయి. తను వాళ్ళని వదులుకోలేక రానట్టు ఆడుతున్నాడు, తనని వదులుకోలేక వాళ్ళు తప్పు చెబుతున్నారు. ఇంతకంటే ఏం కావాలి మనిషికి? సంతోషంతో ముక్కు తుడుచుకుంటుంటే రత్నం బల్ల దగ్గరికి వచ్చింది.

"మేడం గారూ, ఈ ఎర్రదీపాలేంటండీ? నాలుగూ ఎలిగాయి!"

డాక్టర్ హైమావతి జీవితంలో తప్పుడు లెక్క రాసి ఎరుగదు. ఆమె లోవరాజు వంక చూసింది. లోవరాజు రెండు చేతులూ జోడించాడు.

"అవి సంతోషం దీపాలమ్మా," అందామె.

"నాలుగూనా? అయితే మనకి కుదిరినట్టేరా!" అని కిరణ్ గెంతాడు. మస్తాన్ మళ్ళీ బజ్జీలు తేవడానికి పరిగెత్తాడు.

కంపెనీకి మాత్రం ఆమె ఉన్నదున్నట్టు నివేదిక రాసింది. ఈ నలుగురూ ఒకరితో ఒకరు అబద్ధమాడుతున్నారు, అయినా నలుగురి గీతలూ ఇంతకుముందెన్నడూ లేనంత ఎత్తులో ఉన్నాయి అని. కంపెనీవాళ్ళు నమ్మలేదు. ఊరూరా బృందాలని కూర్చోబెట్టి చూశారు. ఒక్క దీపమూ వెలగని బృందాలు, అంటే మనసులో ఉన్నది ఉన్నట్టు ఒకరితో ఒకరు అనేసుకునేవాళ్ళు, వానలు పడేలోగా విడిపోయారు. నాలుగు దీపాలూ వెలిగినవాళ్ళు చెక్కుచెదరలేదు. వ్యాపారస్తులకి ఆపైన ఎవరూ చెప్పనక్కర్లేదు. దీపాలని బల్ల మీద నుంచి తీసి పట్టీల మీదే అమర్చి, పెట్టె మీద 'నాలుగూ వెలిగితే పొత్తు కుదిరినట్టే' అని అచ్చువేశారు. ఇప్పుడు జనం నుదుటి మీద అబద్ధం దీపం వెలిగించుకుని వీధుల్లో గర్వంగా తిరుగుతున్నారు. పెళ్ళిచూపుల్లో కూడా పట్టీలు కట్టి చూస్తున్నారని వినికిడి. ఒక్క దీపమే వెలిగితే పెద్దవాళ్ళు పెదవి విరుస్తున్నారట.

హార్బర్ జట్టు కెప్టెన్ ఇంకా అడుగుతూనే ఉన్నాడు. లోవరాజు ఇంకా చూద్దామంటూనే ఉన్నాడు.

శనివారం వచ్చింది. ముగ్గురూ చచ్చి కుర్చీలెక్కారు.

"ముందు గోడ లేదురా లోవరాజూ!" అని గొంతు చించుకున్నాడు మస్తాన్. "కళ్ళు మూసుకుని పరిగెత్తు!"

"పరిగెత్తరా లోవరాజూ!" అంది రత్నం.

"లోవరాజూ, పరిగెత్తు!" అన్నాడు కిరణ్.

ఎదురుగా గోడ ఇటుక ఇటుకగా కనిపిస్తోంది. లోవరాజు కళ్ళు మూసుకుని, ఉన్న శక్తినంతా కూడదీసుకుని పరిగెత్తాడు.