పలకవద్దన్న తల్లి

“పిల్లను మట్టిలో పెట్టి ఏడాది తిరగలేదు... అప్పుడే పాటలంట, పాటలు! నీది గుండెనా, రాయినా సామ్రాజ్యం?”

అత్త రత్నమ్మ అరుగు మీద నుంచి అరిచిన అరుపు వీధంతా వినిపించింది. సామ్రాజ్యం కంజీర చంకన పెట్టుకుని, కళ్లొత్తుకుంటూ మిషను గుడి పక్కనున్న కొట్టం వైపు నడిచింది. ఏమని చెప్పగలదు ఆ ముసలమ్మకు? కంజీర మోగకపోతే తన చెవుల్లో చనిపోయిన కూతురు సువార్త ఏడుపే మోగుతుందని చెబితే నమ్ముతుందా!

పోయిన ఎండాకాలం కలరా రాచర్ల చుట్టుపక్కల పల్లెలను ఊడ్చిపెట్టింది. గిద్దలూరు నుంచి డాక్టరు వచ్చేసరికే ఇళ్లకిళ్లు పాడుబడ్డాయి. దిక్కులేని పిల్లలను బడిపంతులు ఆశీర్వాదం ఆ కొట్టంలో చేర్చాడు. ఆయన భార్యే సామ్రాజ్యం. వాళ్ల ఒక్కగానొక్క కూతురు సువార్తను కూడా ఆ మాయదారి రోగమే మింగింది. పొద్దుగూకితే చాలు, కొట్టంలో ఒక బిడ్డ ఏడుపందుకుంటే అందరూ అందుకునేవాళ్లు. వినలేక ఒకనాడు సామ్రాజ్యం గొంతెత్తి పాడింది. పిల్లలు ఏడుపు మాని దగ్గరికి జరిగారు. అప్పటి నుంచి రోజూ పాటలు నేర్పుతూనే ఉంది.

ఒక్క చెంచులక్ష్మి మాత్రం నోరు విప్పలేదు. గొర్లకాపరుల పిల్ల. అమ్మానాయనలు ఒకే పూట పోయినప్పుడు పోయింది దాని మాట. చిన్నాయన అంకన్న దాన్ని ఇక్కడ వదిలిపెడుతూ భోరున ఏడ్చాడు.

“నల్లమలలో మంద ఎనక తిరిగేటోళ్లం అక్కా! పిలిస్తే పలకాల అడివిలో. పులి వస్తే అరవను గూడా అరవలేని పిల్లను ఎట్ల కాచుకునేది? మాట వచ్చిందంటే తీసుకపోతా.”

సామ్రాజ్యం ఆ పిల్లను ఒళ్లో పెట్టుకునే పాడేది. ఒక సాయంత్రం బాట మీద ఎవరిదో మంద పోతుంటే పిల్ల పెదవులు వణికాయి. “ఓయ్‌రో... ఊ... హోయ్!” అంది సన్నగా. వాళ్ల నాయన గొర్లను పిలిచే కూత! ఒక్కో కాపరిది ఒక్కో కూత. ఒకరి కూతకు ఇంకొకరి గొర్లు తిరగవు. సామ్రాజ్యం వెంటనే కంజీర అందుకుని ఆ కూతనే పల్లవి చేసి పాడింది. పిల్లలంతా వంత పాడారు. ఆ పల్లవి వెంటే మెల్లమెల్లగా చెంచులక్ష్మికి మాటలూ వచ్చాయి. రాత్రిళ్లు సామ్రాజ్యం కొంగు పట్టుకునే నిద్రపోయేది.

ఇంతలో అంకన్న మంద మళ్లీ అడవికి పోతూ ఊరి పక్క చేలో దిగిందని తెలిసింది. సామ్రాజ్యం పరుగున పోయి పిల్లను పట్టుకుంది. “చిన్నాయన వస్తే పలకవద్దు తల్లీ... నోరు తెరవొద్దు... నా బంగారు కదూ!” తప్పే! కానీ కడుపుకోత ఎరిగిన ఏ తల్లి ఆమెను వేలెత్తి చూపగలదు?

అంకన్న వచ్చాడు. బతిమాలాడు. పిల్ల సామ్రాజ్యం ముఖం చూసింది, పెదవులు బిగించింది. “మా అన్న గొంతు ఈ బిడ్డలోనన్నా మిగిలిందేమోనని ఆశపడినా... నా రాత ఇంతే” అని అతను కళ్లు తుడుచుకుంటూ వెళ్లిపోయాడు.

ఆ పూట కొట్టంలో అందరూ పాడారు, చెంచులక్ష్మి పాడలేదు. “పోయినాడులే... ఇప్పుడు పలకమ్మా!” అని ఎంత బుజ్జగించినా ఉలకలేదు. గంజి ముట్టలేదు. గోడ వైపు తిరిగి ముడుచుకుంది, వచ్చిన కొత్తలో ముడుచుకున్నట్టే. అయ్యో... ఎంత పని చేశాను! నా స్వార్థం కోసం బిడ్డ గొంతు నులిమానే! సామ్రాజ్యం కుమిలిపోయింది.

తెల్లవారుతుండగా పిల్లను భుజాన వేసుకుని చేనికి పోయింది. మంద కదలబోతోంది. సామ్రాజ్యం తనే ఆ కూత కూసింది. ఒక్క గొర్రె తల తిప్పలేదు. “అట్ల గాదమ్మా...” అంది పిల్ల, ఆమె చెవిలో. దిగి, నాలుగడుగులు ముందుకేసి కూసింది. మందలో కలిసున్న, చచ్చిపోయిన నాయన గొర్లన్నీ గిరుక్కున తిరిగి దాని చుట్టూ మూగాయి!

“పిల్లకు మాట లేక గాదు తమ్ముడా! పలకొద్దని నేనే చెప్పినా... పాపిష్టిదాన్ని!” అని సామ్రాజ్యం కూలబడింది.

“నీ బిడ్డ గూడా పోయిందంట గదా అక్కా...” అన్నాడు అంకన్న. చెంచులక్ష్మి అప్పటికే ఒక గొర్రెపిల్లను ఎత్తుకుని నడుస్తోంది. మంద బాట ఎక్కింది, దుమ్ము లేచింది, పిల్ల కనుమరుగైంది.

వెనక ఎవరో నిలబడ్డారు. రత్నమ్మ! తెల్లవారకముందే కోడలు పిల్లతో వీధి దాటడం చూసి వెంట వచ్చింది. అంతా విన్నది.

“ఒక్కసారన్నా ఎనక్కి తిరిగి చూడలేదు అత్తా...” సామ్రాజ్యం వెక్కివెక్కి ఏడ్చింది.

“చూసుంటే నువ్వు పంపుతుంటివా? అందుకే చూడలేదే, పిచ్చిదానా...” అంటూ రత్నమ్మ ఆ మట్టిలోనే చతికిలబడి, సువార్త పోయిన తర్వాత మొట్టమొదటిసారి కోడలిని గుండెలకు హత్తుకుంది.