స్పేర్ ఫిల్టర్

ఆమె మా ఇంటికి మొదటిసారి వచ్చేసరికి నేను మోకాళ్లదాకా నురగలో నిలబడి ఉన్నాను. ఒక చేతిలో మగ్గు, ఇంకో చేతిలో చీపురు, కళ్లజోడు నిండా ఆవిరి.

నాన్న నడుము కోసం పెరట్లో పెట్టించిన హాట్ టబ్ అది. ఏళ్ల తరబడి బస్సు నడిపిన మనిషి, సాయంత్రం కాసేపు ఆ వేడినీళ్లలో కూర్చుంటే తప్ప నిద్రపోలేడు. దాన్ని తళతళలాడిద్దామని గిన్నెలు తోమే లిక్విడ్ సగం సీసా పోసి స్విచ్ వేశాను. పాలు పొంగినట్టు పొంగి పెరడంతా పాకింది. సర్వీస్ సెంటర్‌కి ఫోన్ చేసింది నాన్నే. నవ్వాపుకోలేక మాట సరిగ్గా రాలేదాయనకి.

"టబ్బుకే స్నానం చేయించారా సార్?" అంది ఆమె, టూల్ బాక్స్ కింద పెడుతూ.

"సబ్బు కొంచెం ఎక్కువైందంతే."

"కొంచెమే," అంటూ విడిచిన చెప్పుల కోసం వెతుక్కుంది. అవి అప్పటికే నురగలో మునిగిపోయాయి.

ఆ రోజు నీళ్లన్నీ తోడించి, పైపులు కడిగి, మెత్తటి గుడ్డతో టబ్బు తుడిచి మళ్లీ నింపింది. పైపు నీళ్లు సన్నగా వస్తుంటే మెట్టుమీద కూర్చుని నాకు పాఠం చెప్పింది. సబ్బు ముట్టుకోకూడదు, క్లోరిన్ కొలిచి వెయ్యాలి, నీళ్లలో ముంచిన పరీక్ష కాగితం పట్టీ ఏ రంగుకి మారిందో చూడాలి. అన్నిటికీ బుద్ధిగా తలూపాను. ఆ రంగేమిటో ఇప్పటికీ తెలీదు. నవ్వితే ఆమె ఎడమ బుగ్గ మీద సొట్ట పడుతుందని మాత్రం తెలుసు.

అప్పట్నుంచి నా పేరు సబ్బు సార్.

ప్రతి శనివారం సాయంత్రం వచ్చి ఫిల్టర్ ఊడదీసేది. రాత్రంతా మందునీళ్లలో నానబెట్టడానికి షాపుకి పట్టుకెళ్లి, ఆదివారం పొద్దున్నే తెచ్చి బిగించేది. ఫిల్టర్ లేకుండా మోటారు వెయ్యకూడదు కాబట్టి ఆ ఒక్క రాత్రి నాన్నకి టబ్బు లేదు. బిగించడం చిటికెలో పని. మేమిద్దరం కబుర్లతో దాన్ని టిఫిన్ వేళ దాకా సాగదీసేవాళ్లం.

ఒక ఆదివారం వానలో తడిసి ముద్దై వచ్చింది. నా మనసు చివుక్కుమంది. ఆ వారమే ఇంకో ఫిల్టర్ కొనేశాను. ఒకటి నానుతుంటే ఒకటి పనిచేస్తుంది. ఘనకార్యం చేసినవాడిలా ఆమెకి చూపించాను.

ఆమె ఆ పెట్టెకేసి కాసేపు చూసింది. "మంచి పని చేశారు. అయితే ఇక ఆదివారం రానక్కర్లేదన్నమాట."

"అదేగా నేను చెప్పేది," అన్నాను పళ్లికిలిస్తూ.

తర్వాతి శనివారం ఆమె బదులు గుబురు మీసాలాయన వచ్చాడు. ఆమె ఏదని అడిగితే, ఈ ఇంట్లో పని తేలికైపోయింది, ఇక ఎవరెళ్లినా సరిపోతుందని చెప్పిందట.

"నీ నడుముకీ పనికొస్తుందనే కదా నాన్నా కొన్నాను," అన్నాను ఆ రాత్రి.

నాన్న టబ్బులోంచి నాకేసి జాలిగా చూశాడు. "నడుము నాది. వారానికో రాత్రి ఆగమంటే ఆగదా? ఆదివారం పొద్దున నీ మొహం చూస్తే సగం నొప్పి అదే పోయేది. ముందు వెళ్లి ఆ పిల్లతో మాట్లాడరా."

మర్నాడు పొద్దున్నే కొత్త ఫిల్టర్ ఊడదీసి పెట్టెలో సర్ది, చంకన పెట్టుకుని, చినుకుల్లోనే వెళ్లాను. షాపు వెనక ఆమె ఏదో ఫిల్టర్ కడుగుతోంది.

"పాడైందా?" అంది తలెత్తకుండా.

"లేదు. దీన్ని కొన్నది మీరు తడవకూడదని, రావద్దని కాదు. మీరు రాకపోతే ఎలా ఉంటుందో నిన్న తెలిసొచ్చింది. మీరంటే నాకు ఇష్టం."

ఆమె కుళాయి కట్టేసింది. చేతులు తుడుచుకుని, స్కూటర్ దగ్గరికెళ్లి డిక్కీ తెరిచింది. రెయిన్‌కోటు కింద కవరు కూడా విప్పని ఫిల్టర్ ఉంది. అచ్చం మా టబ్బు సైజుది.

"పాతది నానేలోపు కస్టమర్‌కి ఇది బిగించి రావాలి. మా షాపు రూల్." ఆమె చెవులు ఎర్రబడ్డాయి. "మొదటి వారం నుంచీ ఇందులోనే ఉంది. పాపం అంకుల్ నడుముకి తెలిసే అన్యాయం చేశాను. ఇంత కష్టపడి నేను ఆదివారాలు సంపాదించుకుంటే మీరు తెలివిగా వద్దన్నారు."

ఆమె ఎడమ బుగ్గ మీద సొట్ట పడింది.

ఇద్దరం కలిసి వచ్చి నాన్నకి ఉన్నదున్నట్టు చెప్పేశాం. ఆమె తలొంచుకుని క్షమించమంది. నాన్న రెండు ఫిల్టర్లనీ తిప్పి తిప్పి చూశాడు.

"వీటిని నా బీరువాలో పెట్టి తాళం వెయ్యండమ్మా," అన్నాడు. "పెళ్లయ్యేదాకా శనివారం రాత్రికి నేను వేడినీళ్ల బ్యాగుతో సర్దుకుంటాను."