ఐసు ఫ్యాక్టరీలో ఆడగొంతు

భీమవరం దాటాక, చేపల చెరువుల గట్టున మూతపడ్డ ఐసు ఫ్యాక్టరీ ఒకటుంది. పొద్దుగూకితే ఎంత మొనగాడైనా అక్కడ బండి వేగం పెంచాల్సిందే. లోపల ఆడగొంతు వినిపిస్తుందట... మెత్తగా, మర్యాదగా. అడిగినదానికల్లా జవాబు చెబుతుందట. విసుక్కోకుండా జవాబు చెప్పే ఆడదంటే దెయ్యమే అయ్యుండాలని మా ఊరి మగాళ్ల లెక్క.

మా వీధి సత్యవాణి మాత్రం భయపడలేదు. కుళ్లుకుంది. ఆ సంగతి నాకు తనే చెప్పింది.

ఆవిడ మొగుడు బంగార్రాజు చెరువుకి మేత వేసి వస్తూ రోజూ అక్కడ ఆగుతున్నాడని ఎవరో చెవిన వేశారు. పెళ్లైన దగ్గర్నుంచీ అతనికి జ్ఞాపకమంటే సత్యవాణే. "వాణీ, నాన్న తద్దినం ఎప్పుడే? ఆ మందు పేరేంటే?" పైకి కసురుకుంటూ చెప్పేది, లోపల మురిసిపోయేది. కొన్నాళ్లుగా ఒక్కటీ అడగడం లేదు.

అడగడం మానేశాడంటే — ఇంకెవరో చెబుతున్నారన్నమాట.

ఆ పూట దీపాలు పెట్టాక, కుచ్చిళ్లు ఎగదోపుకుని బయల్దేరింది. తుప్పు తలుపుకి చెవి ఆనించింది.

"మా పెద్దమ్మాయి ఏం చదువుతోంది?" మొగుడి గొంతే... గుసగుసగా.

"నర్సింగ్ అండీ."

ఆడగొంతు. నిజంగానే ఆడగొంతు.

"మా అత్తారి ఊరు?"

"ఆత్రేయపురం అండీ. ఇంకేమైనా చెప్పమంటారా?"

సత్యవాణికి అరికాలి మంట నెత్తికెక్కింది. నా పుట్టిల్లు నా మొగుడికి ఇంకొకతె చెప్పాలా... ఒక్క తోపు తోసింది తలుపుని.

లోపల బంగార్రాజు ఒక్కడే. చేతిలో ఫోను. మాట్లాడుతున్నది అదే... అతను ఎప్పుడో చెప్పి దాచుకున్నవే తిరిగి అప్పజెబుతోంది.

ఆవిడకి నవ్వాగలేదు. ఊరంతా హడలిపోయిన దెయ్యం ఇదా? తను తిండి మానేసి ఏడ్చిన సవతి ఇదా?

"నా ముందు అడిగితే తిడతానని ఇక్కడ దాక్కున్నారా? సిగ్గు లేదండీ మీకు? ఇంట్లో నేను చచ్చానా, దాన్ని అడుగుతున్నారు?"

అతను తలెత్తాడు. ఫోను లైటు ఆవిడ మొహమ్మీద వేశాడు. చూశాడు... చాలాసేపు చూశాడు...

"అలా చూస్తారేంటి?"

బంగార్రాజు మర్యాదగా నవ్వాడు. ఫోను ఆవిడ మొహానికి ఎదురుగా పట్టి ఫోటో తీశాడు.

"ఒక్క నిమిషం అండీ... మీరెవరో దీన్ని అడిగి చెబుతాను."