ఆకలి పట్టీ

ఆ రోజు పాపకి మంచినీళ్లు తప్ప ఏమీ పెట్టకుండా తీసుకురమ్మని కోర్టువారు చెప్పారు. ఎనిమిదేళ్ల కూతురు చిన్మయిని అలా మాడ్చి తీసుకొచ్చేసరికి నీలవేణి ప్రాణం ఉసూరుమంది.

ఫ్యామిలీ కోర్టు హాల్లో డాక్టర్ మెహరున్నీసా పాప చేతికి ఒక పట్టీ, పాప తండ్రి ప్రకాశం మెడకి ఒక పట్టీ కట్టింది. నాలుగేళ్లుగా మనోవర్తి కట్టకుండా ఊళ్లు మార్చి, ఫోన్లు మార్చి, వారంటు తెచ్చిన పోలీసులకే చుక్కలు చూపించి, చివరికి దొరికిన మనిషి అతను. వచ్చేముందు రెండు పెసరట్లు తిన్న ధీమాతో నవ్వుతున్నాడు.

పాప పట్టీలోని సెన్సర్ ఒంట్లో చక్కెర ఎంత తగ్గిందో, కడుపు ఎంత ఖాళీ అయిందో కనిపెట్టి సిగ్నల్ పంపుతుందని డాక్టర్ జడ్జిగారికి వివరించింది. తండ్రి పట్టీ ఆ సిగ్నల్ అందుకుని, మెడలోంచి కడుపుకి పోయే నరాన్ని తడుతుంది. బిడ్డకెంత ఆకలో అతనికీ అంతే. తనెంత తిన్నా తగ్గదు, బిడ్డ తింటేనే తగ్గుతుంది.

స్విచ్ వేసిన రెండు నిమిషాలకి ప్రకాశం నవ్వు పోయింది. ఐదో నిమిషానికి పొట్ట పట్టుకుని కూలబడ్డాడు. ఆపైన క్యాంటీన్‌కి పరిగెత్తి ఇడ్లీలు తెచ్చి, పాప ముందు గొంతుక్కూర్చుని గబగబా తినిపించాడు. పాప నమలడం మర్చిపోయి అతని మొహమే చూస్తూ మింగింది. ఊహ తెలిశాక నాన్న చేత్తో తినడం దానికదే మొదలు. హాల్లో అందరూ పట్టీనే చూశారు, పాపని ఎవరూ చూడలేదు. నాలుగేళ్ల తిరుగుడు ముగిసిందనుకుని నీలవేణి కూడా కళ్లు మూసుకుంది, పాపం.

పాపకి పద్దెనిమిదేళ్లు నిండేదాకా పట్టీలు తీయకూడదని తీర్పు వచ్చింది. మనోవర్తి నెలనెలా ఠంచనుగా పడసాగింది. నీలవేణి రొయ్యల ఫ్యాక్టరీలో రెండో షిఫ్టు మానేసి, పెందరాళే ఇంటికొచ్చి వేడిగా వండిపెట్టడం మొదలుపెట్టింది. తీరా చూస్తే తినే పిల్ల తినడం మానేసింది.

మొదట బడి నుంచి అన్నం డబ్బా ముట్టకుండా తిరిగొచ్చింది. తర్వాత ఇంట్లోనూ అదే వరస. మామిడికాయ పప్పు చేసినా, గుడ్డు వేయించినా పెదవి విప్పదు. నీలవేణి దిష్టి తీసింది, బతిమాలింది, ఒకసారి చెయ్యి కూడా చేసుకుని తర్వాత తనే ఏడ్చింది. ఎప్పుడూ చివరికి ప్రకాశమే చెమటలు కక్కుతూ ఆటో దిగేవాడు, నాలుగు ముద్దలు పెట్టి పోయేవాడు.

పట్టీ తీసేయమని ఆమె డాక్టర్ దగ్గరికెళ్లింది. మెహరున్నీసా రిపోర్టులన్నీ చూసి, పట్టీలో లోపం లేదంది.

"ఆకలి ఎంతుందో కొలిచానమ్మా. అది ఎందుకుందో కొలవాలని నాకు తట్టలేదు."

తీయాలంటే మళ్లీ కోర్టులో పిటిషన్ వెయ్యాలట. మళ్లీ ఆ బెంచీలు, ఆ వాయిదాలు తలుచుకుని నీలవేణి రిపోర్టులు సంచీలో పెట్టుకుని ఇంటికొచ్చేసింది.

ఆ సాయంత్రం కంచం ముందు కూతుర్ని కూర్చోబెట్టి అడిగింది.

"ఆకలెయ్యట్లేదా తల్లీ?"

"వేస్తోందమ్మా. నాన్నకీ వేస్తూ ఉంటుంది. వచ్చేస్తాడులే."

తొమ్మిదో నెల పొట్టతో ఉన్నప్పట్నుంచీ ఈ పిల్ల కడుపు కోసమే బతికిన మనిషి, చేతిలోని ముద్దని తిరిగి కంచంలో పెట్టేసింది.

కాసేపటికి ప్రకాశం వచ్చాడు. కళ్లు లోతుకుపోయాయి.

"నెలనెలా కడుతూనే ఉన్నాను కదా. రెండు ముద్దలు నువ్వే పెట్టొచ్చుగా. డ్యూటీ వదిలేసి ఎన్నాళ్లని రాను?"

నీలవేణి కంచం అతని చేతికిచ్చింది. చిన్మయి వెంటనే నోరు తెరిచింది. పిల్ల కడుపు నిండుతున్నకొద్దీ అతని మొహం తేటపడింది. చెయ్యి కడుక్కుని వెళ్లబోయాడు.

వారంట్లు పట్టుకుని నాలుగేళ్లు తను వెంటపడిన మనిషికే ఆమె గుమ్మంలో అడ్డం నిలబడింది. గొంతు తగ్గించి, బతిమాలుతున్నట్టే అంది.

"రేపు కాస్త పెందరాళే రండి. పిల్ల కడుపు మాడిపోతోంది."