కెమెరా పిడి వదిలినవాడు

"టార్బెల్, రేపట్నుంచి నువ్వు జోకర్ పోలీసువి," అన్నాడు గూఢచారి శాఖ చీఫ్.

1917 జూన్. లాస్ ఏంజెలస్. శాన్ పెడ్రో రేవులో ఫిరంగి గుండ్లు నింపిన ఓడ ఒకటి ఆగి ఉంది. దాని పక్కనే ఒక కామెడీ కంపెనీ రెండు రీళ్ల మూగ సినిమా తీస్తోంది. ఓడను పేల్చడానికి వచ్చిన జర్మన్ ఏజెంట్ ఆ గుంపులోనే ఉన్నాడు. ఎవడో తెలియదు. టార్బెల్ సినిమాలో పోలీసు వేషం కట్టి వాణ్ని పట్టుకోవాలి.

చీఫ్ ఒక జత బూట్లు ఇచ్చాడు. మడమలో రంపం. ఆఫీసులో కూర్చునేవాళ్లకు ఇలాంటివే తోస్తాయి.

సెట్లో హీరోయిన్ వెస్టా డెల్మార్ కోడ్ మాట చెప్పి కలిసింది. డిపార్ట్‌మెంట్ మనిషే. అందగత్తె. అంతకు మించి చెప్పుకోవడానికి ఏమీ లేదు.

మూడో రోజు టార్బెల్ ఆమె చెవిలో అన్నాడు. "కొత్త కెమెరామన్ క్రాంట్జ్ మీద అనుమానం. కామెడీకి కెమెరా పిడి నెమ్మదిగా తిప్పాలి. అప్పుడే తెర మీద మనుషులు ఎలకల్లా పరిగెడతారు. వీడు ఏడుపు సినిమాకి తిప్పినట్టు తిప్పుతున్నాడు."

"అబ్బ, ఎంత తెలివి బాబూ నీకు!" అంది వెస్టా.

మర్నాడు సీను. వెస్టా అతన్ని ఓడ పక్క స్తంభానికి ఆనించి, చేతులు వెనక్కి పెట్టి బేడీలు వేసింది. ముఖాన క్రీము కేకు విసిరి కొట్టింది. కాళ్ల ముందు అట్ట బాంబు పెట్టి ఒత్తి వెలిగించింది. ఇప్పుడతను గుంజాలి, ఉత్తుత్తి బేడీలు ఊడాలి.

ఊడలేదు. బాంబుకు కాలు తగిలింది. అట్టకు అంత బరువుండదు.

"ఇద్దరి దగ్గరా జీతం తీసుకుంటున్నా, ఏమనుకోకు," అని వెస్టా కారు వైపు నడిచింది.

"బాంబు నిజందిరా! పరిగెత్తండి!" అని అరిచాడు టార్బెల్.

మూగ సినిమాలో అరుపులు ఎవడు వింటాడు? అందరూ పొట్టలు పట్టుకుని నవ్వారు. డైరెక్టర్ ప్రూయిట్ మెగాఫోన్ గొట్టంలోంచి కేకేశాడు. "అదీ! ఇంకా గట్టిగా అరవరా!"

రంపం బూటులో భద్రంగా ఉంది. చేతులు స్తంభం వెనక ఉన్నాయి. ఒత్తి వేలెడు మిగిలింది. క్రాంట్జ్ పిడి వదిలి మెల్లగా వెనక్కి జరుగుతున్నాడు.

"ప్రూయిట్! వాడు పిడి వదిలేశాడు!"

నవ్వులు ఆగిపోయాయి. ఆ కంపెనీలో సింహం మీదికొచ్చినా పిడి వదిలిన కెమెరామన్ లేడు.

"సీను మధ్యలోనా, దరిద్రుడా!" ప్రూయిట్ గొట్టంతో వాడి నెత్తి పగలగొట్టాడు. వాడు కూలబడి జర్మన్‌లో అమ్మను పిలిచాడు. గూఢచారి బతుకు అంతే.

టార్బెల్ మోకాళ్ల మీదికి జారాడు. మెడ చాచి, క్రీము ముఖాన్ని నిప్పుకు అదిమాడు. చుయ్‌మంది. మిగిలిన గోరంత ఒత్తిని పళ్లతో పీకి ఉమ్మేశాడు.

"వెస్టాను వదలకండి!" అని అతను అరవగానే, గేటు దగ్గర కాపలా ఉన్న చీఫ్ మనుషులు ఆమెను పట్టుకున్నారు. ఓడ మిగిలింది.

ప్రూయిట్ వచ్చి బాంబును చూశాడు, టార్బెల్‌ను చూశాడు.

"పేలని బాంబు చూసి ఎవడు నవ్వుతాడురా? ఇంకో టేకు!"