మూడు గోడల గది

ఆ స్టూడియోలో చివరనున్న షూటింగ్ ఫ్లోర్‌కి చెడ్డపేరు. పొద్దు వాలాక అటు కన్నెత్తి చూసేవాడు లేడు. లోపల పడగ్గది సెట్ ఒకటి ఉంది. మూడు గోడలే... నాలుగో వైపు కెమెరా కోసం ఖాళీ. ఫ్లోర్ తలుపుకి తాళం వేసి ఉన్నా, రాత్రిళ్ళు లోపల సుత్తి చప్పుడు వినిపించేదట.

చప్పుడు ఎవరిదో కూడా చెప్పుకునేవాళ్ళు. నెల కిందట ఆ సెట్ గోడ ఒకటి విరుచుకుపడి, దాని కింద వడ్రంగి మేస్త్రి పోయాడు.

మేస్త్రి ఎవరో కాదు, ఆ సినిమా నిర్మాతకి స్వయానా మామగారు. నిర్మాత ఉలి పట్టడం నేర్చుకున్నది ఆ పెద్దాయన దగ్గరే. ఆర్ట్ డైరెక్టర్‌గా ఉన్నన్నాళ్ళూ గోడ వెనక వైపు కూడా రంగు వేయించిన మనిషి, నిర్మాత కుర్చీ ఎక్కగానే ఒకటే పాట అందుకున్నాడు: "కెమెరాకి కనిపించనిది కట్టొద్దు." ఆ గది గోడల వెనక ఊతగా కొట్టాల్సిన కర్రలు కూడా వద్దన్నాడు. పెద్దాయన గొణిగి ఊరుకున్నాడు.

గోడ పడ్డాక, కర్రలు కొట్టడం మేస్త్రే మర్చిపోయాడని అందరికీ చెప్పాడు అల్లుడు. పోయినవాడు వచ్చి కాదనడని ధీమా. ఇంట్లో భార్యకీ అదే చెప్పాడు.

"మా నాన్న మర్చిపోయే మనిషి కాదండీ," అంది ఆమె.

పడిన గోడ మళ్ళీ నిలబెట్టారు గానీ, చప్పుళ్ళు మొదలయ్యాక వడ్రంగులు పని ఆపేశారు. దెయ్యం సంగతి తేలేదాకా అడుగు పెట్టేది లేదన్నారు. తెల్లవారితే చివరి షూటింగు, హీరో మళ్ళీ ఏడాదిదాకా దొరకడు. సినిమా ఆగితే ఇరవై ఏళ్ళ పేరు మట్టిలో కలిసిపోతుంది. నిర్మాతకి ఒళ్ళు మండింది. ఈ రాత్రి ఆ సెట్‌లోనే పడుకుంటాననీ, పొద్దున్నే వచ్చి చూసుకోమనీ చెప్పి ఒంటరిగా లోపలికి వెళ్ళాడు.

ఒక్కటే బల్బు. పచ్చి రంగు వాసన. పన్నెండు దాటింది... ఏమీ లేదు. తనలో తాను నవ్వుకుని, మంచం మీద దుప్పటి కప్పుకున్నాడు.

టక్... టక్...

గోడ వెనక. దెబ్బకీ దెబ్బకీ మధ్య ఒకే ఎడం — ఆ చెయ్యి ఎవరిదో ఆయనకి తెలుసు. చప్పుడు మొదటి గోడ వెనక ఆగి, రెండోదాని వెనక మొదలైంది... తర్వాత మూడోది... కర్రలు కొడుతున్నాడు.

ఆ తర్వాత — ఖాళీగా ఉన్న వైపు.

దుప్పటి తీసి చూసే ధైర్యం లేకపోయింది. అటు నుంచి మెల్లగా, గుసగుసగా...

"ఇదొక్కటీ మిగిలింది అల్లుడుగారూ... కెమెరాకి కనిపించదు లెండి."

పొద్దున్నే వడ్రంగులు వచ్చారు. వాళ్ళతో పాటు ఆయన భార్యా వచ్చింది. సెట్ ఎప్పటిలాగే ఉంది. మూడు గోడలు, నాలుగో వైపు ఖాళీ. ఆ ఖాళీ అంచున నిలబడి నిర్మాత రెండు చేతులతో గాలిని బాదుతున్నాడు. అరచేతుల నిండా చెక్క పేళ్ళు గుచ్చుకుని రక్తం కారుతోంది. ఎదురుగా ఇంతమంది ఉన్నా ఆ కళ్ళకి ఎవరూ ఆనడం లేదు.

"మావయ్యా, తలుపు పెట్టండి... కర్రలు వద్దన్నది నేనే. అందరికీ చెబుతాను... ఒక్క తలుపు పెట్టండి."

వడ్రంగులు తలలు దించుకున్నారు. భార్య కళ్ళలో నీళ్ళు తిరిగాయి. ఎంతైనా కట్టుకున్నవాడు... బయటికి లాగుదామని దగ్గరికి వెళ్ళి చెయ్యి చాచింది.

వేళ్ళకి పచ్చి చెక్క తగిలింది.

ఆమె పైనుంచి కిందిదాకా తడిమి చూసింది. నాన్న పనే... ఎక్కడా సందు లేదు.