పని: లేదు

పాలు పొంగేలోపు పిల్లకు జడలు వేయాలి. జడలు అయ్యేలోపు కుక్కరు మూడు కూతలు కూయాలి. మూడో కూత వినపడేసరికి మూడు డబ్బాల మూతలు తీసి ఉండాలి. ఆరున్నర నుంచి ఎనిమిదిన్నర దాకా ఆ వంటింట్లో ఒక మనిషి రెండు చేతులతో నలుగురి పని చేస్తుంది. ఆ మనిషికి యాభై ఎనిమిదేళ్లు. కొడుక్కి అమ్మ, కోడలికి అత్తయ్య, మనవరాలికి నానమ్మ. ఒకప్పుడు పుస్తకాల బైండింగ్ షెడ్డులో తోటివాళ్లు ఆమెను 'దబ్బనం' అని పిలిచేవారు. అచ్చు కాగితాల మడతలు కుట్టే దబ్బనం ఎప్పుడూ చేతిలో ఉండేదని కొంత, నోరు కూడా అలాగే దిగేదని మరికొంత. కొడుకు పుట్టాక షెడ్డు మాన్పించారు. నోరు కూడా మాన్పించామనే అనుకున్నారు.

శుక్రవారం. కొడుకు ఒక చేత్తో తింటూ ఇంకో చేత్తో ఫోను చూస్తున్నాడు. బీమా ఆఫీసులో అధికారి. కోడలు కాలేజీలో సమాజశాస్త్రం లెక్చరరు. పదకొండింటికి సెమినారు హాల్లో ఆమె ప్రసంగం. విషయం, 'ఇంట్లో స్త్రీ: కనిపించని శ్రమ'. ఆ కాగితాల్లో ఎర్ర పెన్నుతో గీతలు గీసుకుంటూ చెయ్యి చాచింది. కాఫీ గ్లాసు వచ్చి చేతిలో పడింది. ఎవరిచ్చారని తలెత్తి చూడలేదు.

"సోమవారం నుంచి నేనుండను," అంది అత్తగారు, పిల్ల జడకు రిబ్బను ముడివేస్తూ.

"ఎక్కడికి నానమ్మా?" అడిగింది పిల్ల. మిగతా ఇద్దరికీ వినపడనే లేదు.

"పుస్తకాలు కుట్టడానికి."

అప్పుడు లేచింది కొడుకు తల. "ఏంటమ్మా?"

"పాత గ్రంథాలయం ఒకటుందట. పుస్తకాలన్నీ చెదలు పట్టి, కుట్లు ఊడి పడున్నాయట. చేత్తో కుట్టేవాళ్లు ఇప్పుడు దొరకటం లేదు. మా పాత మేస్త్రీ కబురు పెట్టాడు. ఎనిమిది నెలల పని. ఉండటానికి గది ఇస్తారు. రైల్లో ఆరు గంటలు. ఒప్పుకున్నాను."

"ఒప్పుకున్నావా? ఎవర్నడిగి?"

"వాళ్లు నన్నడిగారు. నేను సరేనన్నాను. మధ్యలో ఇంకెవర్ని అడగాలిరా?"

కొడుకు నవ్వాడు. చిన్నపిల్లలు పెళ్లాట ఆడుతుంటే పెద్దవాళ్లు నవ్వే నవ్వు అది. "కళ్లజోడు లేకపోతే సూదిలో దారం ఎక్కించలేవు. నువ్వు గ్రంథాలయం మొత్తం కుడతావా?"

"కళ్లజోడు పెట్టుకునే వెళ్తాను. నువ్వు దాచకపోతే చాలు."

నవ్వు పోయింది. ఫోను బల్ల మీద బోర్లా పెట్టాడు. "మేస్త్రీ అంటే ఎవరు? ఆ పెళ్లాం పోయినాయనేనా?"

 కుక్కరు అప్పుడే కూత ఆపింది.

"చిట్టీ, నువ్వెళ్లి బూట్లేసుకో తల్లీ," అంది అత్తగారు. పిల్ల వెళ్లేదాకా ఆగింది. దువ్వెన కింద పెట్టింది. "ఆయనే. అయితే ఏంటో పూర్తిగా చెప్పు. నీళ్లు నమలకు."

"నేనేం అనటం లేదమ్మా. నలుగురూ ఏమనుకుంటారు..."

"నలుగురి సంగతి ఆ నలుగురొచ్చినప్పుడు చూసుకుంటాను. నువ్వేమనుకున్నావు? ఆడది గడప దాటిందంటే అవతల మగాడే ఉండాలా? పని ఉండకూడదా? ఆయనకు డెబ్బయ్యేళ్లు, చెవుడు. ఇదిగో, చెవుడు లేకపోయినా, నలభయ్యేళ్లే అయినా, నాకు నచ్చినా, అది నీ బీమా ఫారంలో నింపాల్సిన వివరం కాదు. మీ నాన్న పోయి పదేళ్లు. ఈ పదేళ్లలో నీ ఒళ్లు నొప్పిగా ఉందా అమ్మా అని ఒక్కనాడు అడిగావా? లేదే! అడగని ఒంటికి కాపలా మాత్రం కాస్తావా?"

కొడుకు ముఖం కందిపోయింది. తల్లి నోట 'ఒళ్లు' అనే మాట ఆ అర్థంలో వినడం అతనికి అదే మొదలు. తల్లులకు మోకాళ్లుంటాయి, నడుములుంటాయి, నొప్పులుంటాయి. ఒళ్లుంటుందని ఇలాంటి కొడుకులకు ఎవరూ చెప్పరు.

కోడలు కాగితాలు పక్కన పెట్టింది. "అదేం మాటండీ మీరన్నది? భర్త పోయిన స్త్రీ మీద ఇంటిల్లిపాదీ నిఘా పెట్టడమంటే ఏంటో తెలుసా? ఆమె లైంగికత మీద అధికారం తమదేననుకోవడం. సిగ్గుండాలి." చక్కగా అంది. అన్నందుకు ఆమెకే బాగా అనిపించింది. ఆ ఊపులోనే ఇటు తిరిగింది. "ఆయన తప్పే మాట్లాడారు అత్తయ్యా. కానీ చూడండి, నాకు పరీక్ష పేపర్లున్నాయి, వచ్చే నెలలో రెండు సదస్సులున్నాయి. పిల్ల ఒంటిగంటకే బడి నుంచి వచ్చేస్తుంది. ఈ వయసులో మీకంత అవసరమేం వచ్చింది? మీకిక్కడ మేమేం తక్కువ చేశాం?"

ఈసారి నవ్వింది అత్తగారు.

"ఆ మాట నీ పుస్తకంలో ఉందమ్మాయ్."

"ఏ మాట?"

"'ఏం తక్కువ చేశాం'. నాలుగో అధ్యాయం. రెండు వందల పన్నెండు ఇళ్లు తిరిగావు కదా. పెళ్లాం బయటికెళ్లి పనిచేస్తానంటే మీరేమన్నారని మొగుళ్లని అడిగావు. ఎనభై మంది ఈ ఒక్క మాటే అన్నారని రాశావు. కింద నీ వ్యాఖ్యానం కూడా ఉంది. 'ఇది ప్రేమ వేషం కట్టిన పెత్తనం' అని. బాగా రాశావు. నాకు నచ్చింది."

 "మీరు నా థీసిస్ చదివారా?"

"అయిదు కాపీలు కుట్టి అట్ట వేసింది ఎవరనుకున్నావ్? బయట బైండర్లు ఆలస్యం చేస్తున్నారని ఏడుస్తుంటే రెండు రోజులు కూర్చుని చేసిచ్చాను. పేజీల వరస చూడకుండా ఏ బైండరూ కుట్టదు. వరస చూసే కళ్లు అంకెల దగ్గరే ఆగిపోతాయా?"

"నాకు ఆఫీసుకు టైమైపోతోంది," అన్నాడు కొడుకు లేస్తూ. "పొద్దున్నే ఈ పురాణమేంటి?"

"నువ్వెళ్లరా. ఇది నాకూ దీనికీ."

అతను వెళ్లాడు. డబ్బా మాత్రం మర్చిపోలేదు.

అత్తగారు బీరువా పక్కనున్న అలమరలోంచి నల్ల అట్ట పుస్తకం తీసింది. బంగారు అక్షరాల మీద దుమ్ము లేదు. అదీ ఆమె తుడిచేదే. చివరి పేజీల వైపు తిప్పి, బల్ల మీద ప్రసంగం కాగితాల పైనే పెట్టింది. రెండు వందల నలభై ఒకటో పేజీ. సర్వేలో వాడిన ఫారం ఎలా ఉంటుందో చూపడానికి నింపి పెట్టిన నమూనా.

కోడలికి గుర్తొచ్చింది. ఊళ్లోకి వెళ్లేముందు ఫారం సరిగ్గా ఉందో లేదో ఒక ఇంట్లో నింపి చూడాలి. ఎవరింటికో వెళ్లడమెందుకని ఇదే బల్ల దగ్గర కూర్చుని పది నిమిషాల్లో తన ఇంటి ఫారం తనే నింపేసింది. రెండు వందల పన్నెండు ఇళ్లలో ఆడవాళ్ల పక్కన చాప మీద కూర్చుని, పొద్దున లేచిన దగ్గర్నుంచి ఏమేం చేస్తారో ఒక్కొక్కటీ అడిగి రాసుకున్న మనిషి, సొంత ఇంట్లో ఆ ప్రశ్న అడగలేదు. ఇంట గెలిచి రచ్చ గెలవమన్నారు పెద్దలు. ఈమె రచ్చ గెలిచి డాక్టరేటు తెచ్చుకుంది.

"చదువు," అంది అత్తగారు.

"అత్తయ్యా, అది నమూనా ఫారం మాత్రమే..."

"నమూనానే. నమూనా అంటే చూసి నేర్చుకోమని కదా పెడతారు? చదువు, నేను వింటాను."

కోడలు చదివింది.   "భర్త తల్లి. వయసు యాభై ఆరు. చదువు పదో తరగతి. పని: లేదు. ఆధారపడిన వ్యక్తి."

"ఊఁ. ఇప్పుడెళ్లి నీ ప్రసంగం చేసుకో. పిల్లను బళ్లో నేను దింపుతాను. ఇవాళ్టికి."

ప్రసంగం బాగానే జరిగింది. నోటికి వచ్చిన పాఠం నోరు చెప్పేస్తుంది, లోపల ఏం కాలిపోతున్నా సరే. చప్పట్లు కొట్టారు. చివర్లో వెనక వరసలోంచి ఒక విద్యార్థిని లేచింది. "మేడమ్, మీరింత చదివారు, తిరిగారు, రాశారు. మరి మీ ఇంట్లో వంటెవరు చేస్తారు?" హాలంతా నవ్వు. సభాధ్యక్షుడు మైకు లాక్కుని, వ్యక్తిగతమైనవి వద్దమ్మా అన్నాడు.

"వ్యక్తిగతం కాదు," అంది కోడలు. "మా అత్తగారు చేస్తారు. ఆవిడ చేయబట్టే నేనింత చదివాను, తిరిగాను, రాశాను. నా థీసిస్‌లో ఆవిడ పేరు పక్కన పని లేదని రాశాను. నా గైడు చూశారు, పరీక్షకులు చూశారు, ఎవరికీ తప్పనిపించలేదు. నాకూ అనిపించలేదు. ఇంతసేపూ మీకు చెప్పిందంతా నిజమే. చెప్పిన మనిషే..." మాట పూర్తికాలేదు. ఎవరూ చప్పట్లు కొట్టలేదు. సభాధ్యక్షుడు వందన సమర్పణ అన్నాడు.

ఇంటికొచ్చేసరికి పిల్ల నిద్రపోతోంది. అత్తగారు మంచం మీద చిన్న పెట్టె తెరిచి చీరలు సర్దుకుంటోంది. కోడలు గుమ్మంలోనే నిలబడిపోయింది.

"రెండేళ్లయింది అత్తయ్యా. ఆ రోజే నా మొహాన కొట్టి అడగొచ్చు కదా! ఎందుకు ఊరుకున్నారు? నా డిగ్రీ ఆగిపోతుందనా?"

"అంత త్యాగాలు నాకు అంటగట్టకు." ఆమె చీర మడత ఆపింది. "నిజం చెప్పనా? ఆ పేజీ కుట్టేటప్పుడు నాకు కోపం రాలేదు. పని లేదని రాసుంటే, అవును, లేదు కదా అనుకున్నాను. నువ్వు చదువుకున్నదానివి, నీకు తెలిసే రాసుంటావనుకున్నాను. దారం లాగి ముడేశాను. నేనూ నమ్మానమ్మాయ్! నలుగురికి వండి, ఉతికి, ఒకణ్ణి పెంచి, వాడి పిల్లనీ పెంచుతూ, నాకు పని లేదని నేనే నమ్మాను. మొన్న మేస్త్రీ కబురు పెట్టినప్పుడు వచ్చినతను ఒక మాటన్నాడు. 'ఆవిడంత పనిమంతురాలు ఇంకెవరూ లేరట, ఆవిడే కావాలట' అని. పనిమంతురాలు! ముప్ఫయ్యారేళ్ల తర్వాత విన్నాను. ఆ రోజు మళ్లీ నీ పుస్తకం తీసి చూశాను. అప్పుడొచ్చింది కోపం.  నీ మీద సగం. నా మీద సగం."

కోడలు గుమ్మంలోనే కూలబడింది. ఏడ్చింది. చదువుకున్నవాళ్ల ఏడుపు కాదు, ముక్కు చీదుతూ, వెక్కిళ్లు పెడుతూ.

అత్తగారు చూస్తూ కూర్చుంది. లేచి వెళ్లి ఓదార్చలేదు. "ఏడుపయ్యాక మొహం కడుక్కో. నువ్వు ఏడ్చావని నేనుండిపోతే మళ్లీ ఇద్దరం పాత ఫారంలోకే పోతాం."

"మిమ్మల్ని ఉండమనడానికి రాలేదు."

"మరి?"

"రైలు ఎన్నింటికో అడగడానికొచ్చాను."

అప్పుడు అత్తగారి కళ్లలో నీళ్లు తిరిగాయి. దాచుకోవడానికి పెట్టె మూత వేసింది. "ఏడున్నరకి. అత్త లేని కోడలుత్తమురాలంటారుగా. ఎనిమిది నెలలు ఉత్తమురాలివైపో."

"నేనొక్కదాన్నే ఎందుకవ్వాలి?" అంది కోడలు ముక్కు తుడుచుకుంటూ. "అమ్మ లేని కొడుకుని కూడా ఉత్తముణ్ణి చేద్దాం."

ఆ సాయంత్రం, ఆ మర్నాడు, ఆదివారం కూడా ఇంట్లో యుద్ధమే. పనిమనిషిని పెట్టుకుందామన్నాడు కొడుకు. అంటే ఇంకో ఆడమనిషినా అంది కోడలు. పిల్లను ఒంటిగంటకు ఎవరు తెస్తారన్నాడు. వారంలో మూడు రోజులు మీరు, రెండు రోజులు నేను అంది. ఆఫీసులో నవ్వుతారన్నాడు. నవ్వనీ, నవ్వితే పళ్లేం రాలవంది. చివరికి తల్లి దగ్గరకొచ్చి, "నువ్వెళ్తే నేను స్టేషనుకు రాను, పెట్టె మొయ్యను, ఏమనుకుంటావో అనుకో," అన్నాడు. ముప్ఫయ్యారేళ్ల మనిషి కింది పెదవి ముందుకొచ్చింది.

"నిన్ను మోసినదాన్ని, పెట్టె మోసుకోలేనా?" అంది తల్లి.

సోమవారం ఉదయం ఆరున్నరకు బండి వచ్చి గేటు ముందాగింది. పిల్ల నిద్ర కళ్లతో నానమ్మ కొంగు పట్టుకుని, బొమ్మలున్న పుస్తకాలు కూడా కుడతావా అని అడుగుతోంది. కొడుకు కనపడలేదు. కోడలు పెట్టె తీసుకెళ్లి బండిలో పెట్టి వచ్చింది. అత్తగారు గడప దాటింది. మొదటి మెట్టు మీద కాలు పెట్టింది.

"అమ్మా!" వంటింట్లోంచి కేక. "పాలగిన్నె ఎక్కడ?"

కాలు ఆగిపోయింది.

ఆ కేకకు ఆ కాళ్లు ఎన్ని వేలసార్లు వెనక్కి తిరిగాయో! బుద్ధికి తెలిసినంత తొందరగా కాళ్లకు తెలియదు. ఆమె సగం తిరిగింది. నోరు తెరిచింది. కింది అరలో, మూత కింద, అనే మాట పెదవుల దాకా వచ్చింది.

కోడలు ఎదురుగా వచ్చి నిలబడింది. రెండు చేతులూ ఆమె భుజాల మీద వేసింది. "చెప్పకండి అత్తయ్యా. నా మీద ఒట్టు, చెప్పకండి. వెతుక్కుంటాడు."

లోపల ఏదో గిన్నె దబ్బున పడింది. దాని వెనకే ఇంకోటి. మూత ఒకటి గిరగిరా తిరిగి, తిరిగి ఆగింది. పిల్ల కిలకిలా నవ్వింది.

"అమ్మా! నిన్నే! వినపడుతోందా?"

"వినపడుతోంది," అంది ఆమె. కొడుక్కి వినపడేలా కాదు. కోడలి చేతి మీద తన చెయ్యి వేసి ఒకసారి గట్టిగా నొక్కింది. కొంగు పిల్ల చేతిలోంచి మెల్లగా విడిపించుకుంది.

మెట్లు దిగింది.